పండుగ నాటి డ్యూటీ

మా ఇంటికీ సాబ్ ఇంటికీ నడుమ ఒక వేపచెట్టు, నడుమెత్తు గోడ. కాసిపేటలో ఇద్దరం ఒకే బొగ్గుబాయిలో సర్దార్లుగా చేసి దిగిపోయినవాళ్ళం. సాబ్ ఎర్రజెండా మనిషి. రంజాన్‌కు, బక్రీద్‌కు ఈద్గాకు పోతాడు. మిగతా నమాజులన్నీ భార్యే ఇద్దరి లెక్కన చదువుతుందని మా హాస్యం. ఆయన మేనకోడలు మంచిర్యాలలో ఒక బడిలో సోషల్ చెబుతుంది. తలకు స్కార్ఫ్ లేకుండా నేనామెను చూడలేదు. వాదనలో తగ్గగా కూడా చూడలేదు.

ఆ ఆదివారం గొడవ ఒక సీరియల్ దగ్గర మొదలైంది. టర్కీవాళ్ళు తీసిన 'ఎర్తుగ్రుల్', ఉర్దూ డబ్బింగు. గుర్రాలు, గుడారాలు, కత్తులు. అసర్ నమాజు కాగానే ముమానీకి, అంటే సాబ్ భార్యకు, ఫోన్‌లో పెట్టిచ్చి ఆ అమ్మాయి వాకిట్లోకొచ్చి కూచుంది. ఇంట్లో వాళ్ళు మాట్లాడుకునేది దక్కనీ. నేనున్నానని తెలుగులోకి దిగారు, కోపమొచ్చినప్పుడు తప్ప.

మామూ: ఏడెనిమిది వందల యేండ్ల కిందటి గుర్రాల మీద ఏం దొరుకుతది బిడ్డా నీకు? టర్కీ అంటే కెమాల్ పాషా. ఖలీఫాను రాత్రికి రాత్రి రైలెక్కించి దేశం దాటించినోడు. ఆయన మీద తీసిన సీరియల్ తే, నేను గూడ చూస్త.

మేనకోడలు: నువ్వు చూస్కో మామూ. ఆయన బొమ్మ పెట్టుకున్న కాలేజీల నాకు సీటు లేకుండె.

నాకర్థం కాలేదు. అడిగాను.

మేనకోడలు: టర్కీల స్కార్ఫ్ కట్టుకున్న పిల్లను యూనివర్సిటీ గేటు కాడ ఆపేటోళ్ళు అంకుల్. లైలా షాహిన్ అని ఇస్తాంబుల్‌ల డాక్టర్ చదువు చదివే అమ్మాయి. పరీక్షలకు రానియ్యలేదు. యూరప్ మానవ హక్కుల కోర్టు దాకా పోయింది. 2005ల ఆ కోర్టు గూడ టర్కీ సర్కారుదే రైటన్నది. అంతకు ముందు 1999ల మెర్వే కవాక్చి ఎంపీగా గెలిచి స్కార్ఫ్‌తోనే పార్లమెంటుకొస్తే ప్రమాణమే చెయ్యనియ్యలేదు. దేశమంత ముసల్మానులే. ఆపినోళ్ళూ ముసల్మానులే.

మామూ: ఒక్కటి సరిజేసుకో. కాలేజీలల్ల గుడ్డ తియ్యుమన్నది కెమాల్ కాదు, 1980 మిలిటరీ తర్వాతోళ్ళు. కెమాల్ మార్చింది మగోళ్ళ టోపీ, 1925ల. ఆడోళ్ళకు ఆయన ఇచ్చింది వేరే. 1926ల సివిల్ కోడ్, నలుగురు పెండ్లాల ముచ్చట ఖతం. 1934ల పార్లమెంటుకు ఓటు. ఫ్రాన్సుల ఆడోళ్ళకు 1944 దాక లేదది. ఏ మౌల్వీ ఇచ్చేటోడు చెప్పు నీకు?

మేనకోడలు: ఇయ్యకపోదురు. ఒప్పుకుంట. కని ఇచ్చిన చెయ్యే తర్వాత పట్టుకున్నది. ఉడుపిల స్కార్ఫ్ కట్టుకున్న పిల్లలను కాలేజీ గేటు కాడ నిలబెడితే నువ్వే కదా మామూ తిట్టినవ్? 2022ల సుప్రీంకోర్టు జడ్జీలు ఇద్దరు రెండు తీర్ల తీర్పు చెప్పిన్రు, ఇంక తేలనే లేదు. ఉడుపి గేటు కాడ తప్పైంది ఇస్తాంబుల్ గేటు కాడ ఎట్ల ఒప్పైతది?

సాబ్ బీడీ కోసం జేబు తడిమి, లోపలున్న భార్య గుర్తొచ్చి మానుకున్నాడు.

మామూ: తేడా ఉన్నది. ఇక్కడ మనం కొద్దిమందిమి. బలమున్నోడు బలం లేనోని మీద చేసిన పని అది. అక్కడ అందరు మనోళ్ళే. మౌల్వీ చెయ్యి ఇంట్ల ఆడపిల్ల మీద పడకుండ సర్కారు అడ్డమొచ్చింది.

మేనకోడలు: గేటు అవుతల నిలబడ్డ పిల్లకు ఈ లెక్కలన్ని ఎట్ల తెలుస్తయి? అప్పుడు ఆమె కొద్దిమందిల ఉన్నట్టే గద.

మామూ: మరి ఇరాన్? అక్కడ కట్టుకోకపోతే గేటు కాడ కాదు, పోలీసు బండ్లెనే ఎక్కిస్తరు. మహ్సా అమీనీ ఇర్వైరెండేండ్ల పిల్ల. 2022 సెప్టెంబర్‌ల పట్టుకపోయిన్రు, పీనుగై వచ్చింది.

మేనకోడలు: అదే ఇరాన్‌ల 1936ల రెజా షా పోలీసులతోని చాదర్లు గుంజిపిచ్చిండు. గుంజినోడొకడు, కప్పినోడొకడు. లాఠీ మారలే. నేను ఆ ఇద్దరి దిక్కు లేను మామూ. నువ్వు మాత్రం మొదటోని దిక్కున్నవ్.

ఇక్కడ ఒక మాట. నేను అనుకున్నదానికి ఇది తలకిందులు. పెద్దాయన మతం పట్టుకుని, చదువుకున్న పిల్ల వద్దంటుంటే వినడం అలవాటైన చెవులు మనవి. ఈ వాకిట్లో ముసలాయన దేవుణ్ణి సర్కారు గడప బయట కూచోబెట్టాలంటాడు. ఇరవై ఎనిమిదేళ్ళ పిల్ల, గడప కాడ సర్కారుకేం పని అంటుంది.

మామూ: బిడ్డా, నిజాం కాలం నువ్వు చూడలే, మా నాయిన చెప్పేటోడు. రాజు ముసల్మాను. జనంల మనం ఎనిమిదింట ఒకరం. ఆ రాజు పేరు మీద మా నాయినకేమన్న ఒరిగిందా? తట్టల బొగ్గెత్తి టబ్బు నింపిండు. 1945ల బొగ్గు కంపెనీ నిజాం సర్కారు చేతికొచ్చింది. తట్ట బరువు ఏమన్న తగ్గిందా? పక్కన నింపే మాదిగాయనకు, ఈయనకు ఒకటే కూలి. అందుకే నాకు ముసల్మాన్ రాజ్యం అంటే నవ్వొస్తది.

నేను మధ్యలో దూరాను. హైదరాబాద్‌కూ టర్కీకీ పెళ్ళి చుట్టరికం ఉంది గదా సాబ్ అన్నాను. 1924 మార్చిలో టర్కీ వెళ్ళగొట్టిన ఆఖరి ఖలీఫా అబ్దుల్ మజీద్‌కు నెలనెలా పింఛను పంపింది మన నిజామే. ఖలీఫా ఉండాలని గాంధీగారు, అలీ సోదరులు ఇక్కడ ఊరూరా ఉద్యమం చేస్తే, అక్కడివాళ్ళు ఆయనను సాగనంపారు. 1931లో ఫ్రాన్సులోని నీస్ నగరంలో ఆ ఖలీఫా కూతురు దుర్రుషెహ్వార్‌ను నిజాం పెద్దకొడుక్కీ, ఆమె చుట్టం నీలోఫర్‌ను చిన్నకొడుక్కీ చేశారు. మన ఆడవాళ్ళు పిల్లలను ఎత్తుకుని పరుగెత్తే నీలోఫర్ ఆస్పత్రి ఆమె పేరే.

మేనకోడలు: చూసిన్రా అంకుల్. ఆ ఇద్దరు హైదరాబాద్‌ల పర్దా పాటించలేదు. ఖలీఫా ఇంట్ల పుట్టిన పిల్లలు. వాళ్ళకు కెమాల్ చెప్పిండా? సొంతంగ అనుకున్నరు, అంతే.

మామూ: రాజు కోడండ్లు ఏమన్న అనుకుంటరు. రాంనగర్ గుడిసెల పిల్ల ఏం అనుకుంటది? ఆమెకు చట్టం కావాలె.

ఈ దెబ్బ తగిలింది. ఆ అమ్మాయి కొంచెంసేపు ఊరుకుంది. లోపల ఎర్తుగ్రుల్ గుర్రం సకిలించింది. చాయ్ వచ్చింది. చాయ్ తాగుతూ సాబ్ తనంతట తానే తన వాదానికి అడ్డమొచ్చే కథ ఎత్తుకున్నాడు. బొగ్గు ముచ్చట వస్తే ఆయనకు పక్షాలుండవు.

మామూ: సోమ సంగతి చెప్తే మాత్రం నాకు ఇప్పటికీ ఒళ్ళు మండుతది. టర్కీ పడమటి దిక్కున ఊరది. 2014 మే 13. బాయిల మంటలు లేసినయి. షిఫ్టు మారే యాళ్ళ. 301 మంది పోయిన్రు. ఎక్కువమంది కాలి గాదు, కార్బన్ మోనాక్సైడ్ పీల్చి. మన గోదావరిఖని 7 ఎల్ఈపీల నీళ్ళొచ్చి 17 మంది పోయిన్రు, 2003 జూన్‌ల. ఆ వారం ఈ బెల్టుల ఎవని గొంతుల బువ్వ దిగలే. అట్లాంటిది 301. మరునాడు ఆ దేశం ప్రధాని ఎర్డోగాన్ వచ్చి ఏమన్నడో తెలుసునా? ఎప్పుడో వంద యేండ్ల కింద ఇంగ్లండ్ బాయిలల్ల సచ్చినోళ్ళ లెక్క చదివిండు. ఇవి మామూలే, ఈ పని ఫిత్రత్‌లనే ఉన్నదన్నడు.

ఆ మాట మాకు పరాయిది కాదు. అరబ్బీ నుంచి టర్కీకీ పోయింది, ఉర్దూకీ వచ్చింది. పుట్టుకతో దేవుడు పెట్టిన గుణం అని అర్థం. తేలు కుట్టడం దాని ఫిత్రత్ అంటాడు సాబ్. సర్దార్‌గా మేం ముప్పై ఏళ్ళు చేసిందేమిటి? కర్రతో పైకప్పు తట్టి చప్పుడు వినడం. గట్టి రాయి గణగణ మోగుతుంది, విడిన రాయి డొల్లగా పలుకుతుంది. డొల్ల చప్పుడు విని కూడా దాని కింద మనుషులను నిలబెట్టి, ఇది రాయి ఫిత్రత్ అంటే ఆ రోజే మా సర్టిఫికెట్ గుంజుకునేవాళ్ళు.

మామూ: అందుకే అంటున్న. మతం మాట సర్కారు నోట్లె ఉంటే, రూఫ్ కూలినా దేవుని పద్దుల రాస్తరు.

మేనకోడలికి ఇక్కడ వచ్చిన కోపం ఆయన కోపం కన్నా పెద్దది. దక్కనీలో మొదలుపెట్టి, సర్దుకుని తెలుగులోకొచ్చింది.

మేనకోడలు: నీకు ఒక్కటే నష్టం మామూ, మనుషులు పోయిన్రని. నాకు రెండు. నా దీన్‌ల మాట పట్టుకపోయి లెక్కల కప్పేసిండు. ఒంటెను ముందు కట్టేసి, తర్వాత దేవుని మీద భారం వెయ్యుమన్నడు మా ప్రవక్త. ఫిత్రత్ అంటే మంచిచెడ్డ ఎరికపడే గుణం. అది మనిషిల పెట్టిండు అల్లా, బొగ్గుల కాదు. 2018ల కోర్టు ఆ బాయి పెద్దసార్లకు జైలు శిక్షలేసింది. అంటే కోర్టుకు తెలిసింది అది ఫిత్రత్ కాదని.

మామూ: ఇద్దరం ఒక కాడికే వచ్చినం గద మరి!

మేనకోడలు: రాలే. ఆ ప్రధాని నోట్లెకు ఆ మాట ఎట్ల వచ్చిందో అడుగు. ఖలీఫా పదవి రద్దు జేసిన దినం ఏది? 1924 మార్చి 3. అదే దినం కెమాల్ సభ ఇంకో చట్టం గూడ చేసింది. దియానెత్ అని మత వ్యవహారాల శాఖ పుట్టింది. మసీదుల ఇమామ్ సర్కారు నౌకరు. జీతం సర్కారుది. జుమ్మా నాడు చదివే ఖుత్బా మీద చెయ్యి సర్కారుది. 1932 నుంచి అజాన్ గూడ అరబ్బీల గాదు, తుర్కీల ఇయ్యాలన్నరు. 1950ల సర్కారు మారినంక గద మళ్ళ అరబ్బీల వినపడ్డది. ఇది మతాన్ని బయటికి పంపుడు గాదు మామూ, మతానికి మస్టర్ వేసుడు. నాయకుడు మారంగనే ఆ మస్టర్ పుస్తకం కొత్త నాయకుని చేతికొచ్చింది. తాళం చేసినోడు ఒకడు, తీసుకున్నోడు ఒకడు. అక్కడి అలెవీ ముసల్మానులు జెమ్ చేసుకునే ఇంటికి మసీదుతో సమానమైన గుర్తింపు లేదు. ఎందుకంటే సర్కారు ఎంచుకున్న మతం వేరే.

నిజం చెప్పాలంటే, ఆ పూట నేను విన్నవాటిలో గట్టి మాట ఇదే. సెక్యులర్ దేశం అంటే దేవుణ్ణి వదిలేసిన దేశం అనుకుని పొగిడేవాళ్ళూ, తిట్టేవాళ్ళూ టర్కీ పేరే ఎత్తుతారు. ఆ దేశం దేవుణ్ణి వదల్లేదు, ఒక శాఖ కింద పెట్టుకుంది. మనకూ ఇది కొత్తగాదు. నిజాం సర్కారులో ఉమూరె మజ్‌హబీ అని ఒక శాఖ ఉండేది. గుడికీ మసీదుకీ ఇనాములు అక్కణ్ణుంచే, కొత్త గుడి కట్టాలంటే అనుమతీ అక్కణ్ణుంచే. ఇప్పుడు దేవాదాయ శాఖ ఉంది, వక్ఫ్ బోర్డు ఉంది. పూజారికి ధూప దీప నైవేద్యం కింద, ఇమామ్‌కూ మౌజన్‌కూ గౌరవ వేతనం కింద మన సర్కారూ ఇస్తున్నది. ఈ మాటే అన్నాను.

మామూ: ఇయ్యనీ! సర్కారు ఇయ్యకపోతే ఇమామ్‌కు ఎవరు పెడతరు? ఊర్ల పైసలున్నోడు. అప్పుడు ఖుత్బా వానిది. సర్కారునైతే అయిదేండ్లకు ఓటేసి దించుత. దొరను ఏం జేస్త?

దీనికి ఆ అమ్మాయి దగ్గర జవాబు లేదు, లేదనే ఒప్పుకుంది. చందాలతో నడిచే మసీదు కమిటీల ముచ్చట రెండు మాటలు చెప్పి, అవి ఇక్కడ రాయొద్దంది.

మాట బంగ్లాదేశ్ మీదికి మళ్ళింది గానీ, ఆ ముచ్చట ఎంతోసేపు నడవలేదు. సాబ్‌కు ఆ దేశమంటే ప్రాణం. మతం ఒకటైనా భాష కోసం విడిపోయినవాళ్ళు, 1972 రాజ్యాంగంలో సెక్యులరిజాన్ని నాలుగు స్తంభాలలో ఒకటిగా రాసుకున్నవాళ్ళు. జనరల్ జియావుర్ రహమాన్ 1977లో ఆ మాట కొట్టేశాడు, ఎర్షాద్ 1988లో ఇస్లాంను రాజ్యమతం చేశాడు. 2011లో సెక్యులరిజం తిరిగొచ్చింది, రాజ్యమతమూ పోలేదు. ఒకే పుస్తకంలో రెండూ. "ఒకే బీరువాల చీరలు, ఆయుధాలు" అన్నాడు సాబ్. "ఒకే ఇంట్ల రెండు కుటుంబాలు సంసారం చేస్తున్నట్టు" అంది మేనకోడలు. ఇద్దరూ నవ్వారు.

మేనకోడలు: నాకు నచ్చే ముచ్చట ఇండోనేసియాది. 1945 జూన్‌ల రాసుకున్న రాజ్యాంగ పీఠికల ఏడు మాటలున్నయి, ముసల్మానులు షరియత్ పాటించాలని. ఆగస్టుల స్వాతంత్య్రం ప్రకటించుకున్నరు. తూర్పు దీవుల క్రైస్తవులు ఈ ఏడు మాటలుంటే మేం మీతోని ఉండం అన్నరు. మరునాడే, ఆగస్టు 18న, హత్తా పెద్దోళ్ళను కూచోబెట్టి ఒప్పిచ్చిండు. ఏడు మాటలు తీసేసిన్రు. పోలీసు లేడు, మిలిటరీ లేదు. ఎక్కువమంది కొద్దిమంది కోసం చెయ్యి వెనక్కి తీసుకున్నరు.

మామూ: మరి దేవుడే లేడనేటోడు అక్కడి కార్డు మీద ఏం రాసుకుంటడు? ఒకే దేవుడని మొదటి సూత్రమే పెట్టుకున్నరు గద. ఆరు మతాలు ఒప్పుకున్నరు. పాత దేవుళ్ళను కొలిచేటోళ్ళు కోర్టుకు పోయి 2017ల తీర్పు తెచ్చుకున్నంకనే కార్డు మీద తమ నమ్మకం రాసుకునుడైంది. నా అసొంటోనికి ఇంకా గడి లేదు.

మేనకోడలు: నీకు గడి ఉండాలె. నేను అడుగుత నీ కోసం.

మామూ: నువ్వడుగుతవా? పోయిన మొహర్రంకు పీర్ల చావడి కాడికి రమ్మంటే రానంటివి. అలావా చుట్టు తిరుగుడు, ఊదు, మలీద, ఇవన్నీ దీన్‌ల లేవంటివి. గొల్లాయన పీరీ ఎత్తుతడు, చాకలామె మొక్కు చెల్లిస్తది, మన ఊరి పండుగ అది. కెమాల్ 1925ల దర్గాలు, దర్వేషుల మఠాలు అన్నిటికీ తాళమేసిండు, ఇవి మూఢత్వం అని. నువ్వు గూడ అదే అంటవు, ఇవి షిర్క్, అల్లాకు సాటి కలుపుడు అని. చెప్పు, నీకూ ఆయనకూ ఫరకేంది?

ఇదీ తగిలింది, అంతకుముందు కన్నా ఎక్కువ. స్కార్ఫ్ అంచు సర్దుకుంది. టోపీవాడికీ స్కార్ఫ్ పిల్లకూ మధ్య ఇలాంటి చుట్టరికం ఉందని నేనూ అనుకోలేదు.

మేనకోడలు: ఫరకు ఉన్నది. నేను రాను అన్న. మూసెయ్యుమనలే. చావడికి రంగెయ్యడానికి చందా అడిగితే మా అబ్బా ఇచ్చిండు, నేను అడ్డం చెప్పలే.

మామూ: ఇయ్యాల అడ్డం చెప్పవు. రేపు ఊర్ల అందరు నీ అసొంటోళ్ళే అయితే? అప్పుడు చావడి ఎవరు తెరుస్తరు?

మేనకోడలు: అప్పుడు నువ్వు చెప్పిన చట్టం కావాలె. గొల్లాయన పీరీ ఎత్తుకునే చట్టం. అది నేనే అడుగుత. కని అదే చట్టం నా తల మీదికి రావద్దు.

సాబ్ నా వైపు తిరిగాడు. పెద్ద మనిషివి, చెప్పు, అన్నట్టు. నాకు ఆయన బాయి రోజులు గుర్తొచ్చాయి. చట్టం లేకుండానే మేం నడుపుకున్న ఏర్పాటు. చెప్పాను. పండుగ నాడు బొగ్గు తియ్యం గానీ పంపులు ఆగవు, ఫ్యాను ఆగదు. లోపలికి దిగి గ్యాస్, రూఫ్ చూసొచ్చే సర్దార్ ఒకడుండాలి. దసరాకు సాబ్ దిగేవాడు, మేం జమ్మి పట్టుకుని ఇళ్ళ వెంట తిరిగేవాళ్ళం. రంజాన్‌కు మాలో ఒకడు దిగేవాడు, సాబ్ ఈద్గా నుంచి రాగానే సేమియా పంపేవాడు. ఏ మేనేజరూ రాయలేదు, ఏ యూనియనూ అడగలేదు.

మేనకోడలు: ఎన్ని యేండ్లు అంకుల్?

ఇరవై రెండో ఇరవై మూడో అన్నాను.

మేనకోడలు: ప్రతి యేడు వచ్చిన్రా?

జవాబు సాబ్ చెప్పాడు.

మామూ: ఒక్కసారి రాలే. నెలవంక కనపడలే, పండుగ మరునాటికి జరిగింది. వస్తనన్నాయనకు ఆ రోజు బామ్మర్ది పెండ్లి. నేనే దిగిన.

మేనకోడలు: పండుగ నాడా? నమాజు?

మామూ: నమాజు ఏముంది, నేను చదివేటోన్ని గాదు గద. మీ ముమానీ డబ్బల సేమియా పంపింది. పైకొచ్చేసరికి చల్లగై గడ్డ కట్టింది.

మేనకోడలు: మేనేజర్‌కు చెప్పకపోయినవా?

మామూ: ఏమని చెప్పాలె? రాసుకున్నదా అది?

ఆ అమ్మాయి ఇంకేం అడగలేదు. సాబ్ ఆ రావాల్సిన మనిషి పేరు చెప్పలేదు, నా వైపు చూడలేదు కూడా. లోపల్నుంచి ముమానీ ఇంకో గ్లాసు చాయ్ కావాలా అని నన్నే అడిగింది. వద్దన్నాను. పెళ్ళి మా పెద్ద బామ్మర్దిది, చెన్నూరులో.